తలారికి చూపిన మనిషి

రోహిణి కార్తె, పదకొండో రోజు

పదో తరగతి పరీక్షల తర్వాత ఇన్ని మాటలు వరసగా రాయడం ఇదే. ఈ నోటుబుక్కు అద్దాల పందిట్లో నీటి కొలతలు రాసుకోవడానికి ఇచ్చారు. వెనక పేజీలు ఖాళీగా ఉన్నాయి. ఇవాళ ప్రార్థనకి మోకాళ్ళూనితే నోట ఒక్క మాట రాలేదు. నాలో ఉన్నది దేవుడికి చెప్పడానికి సిగ్గేసింది. ఇరుగుపొరుగుకి చెప్పేది అసలే కాదు. అందుకని కాగితానికి చెబుతున్నాను.

ఒక మనిషి చావాలని కోరుకుంటున్నాను. అతన్ని బతికించి ఊళ్ళోకి తెచ్చే పని నాకే అప్పగించారు.

పొద్దున అద్దాలు తుడుస్తుంటే గట్టు సంఘం కార్యదర్శి సూరిబాబు వచ్చాడు. మా కొత్తకట్టకి తాగే నీళ్ళిచ్చేవి ఈ పందిళ్ళే. కింద తొట్లలో ఉప్పునీళ్ళు, పైన ఏటవాలు అద్దాలు. ఎండకి లేచిన ఆవిరి అద్దం లోపల చెమటలా పట్టి, జారి గాడిలో పడుతుంది. సముద్రపు గాలికి పైన ఉప్పు పేరుకుంటే ఎండ దిగదు. తెల్లారగానే తుడవాలి. నాకు నలభై అద్దాలు, తాయారుకి నలభై.

సూరిబాబు సంచిలోంచి చూపుడు పట్టీ తీసి తొట్టి అంచున పెట్టాడు. తాయారు చూసి, "ఏ ఇంటికండీ కొత్త కోడలు?" అంది.

"కోడలు కాదండీ" అన్నాడు సూరిబాబు, నావైపు చూడకుండా.

ఊరి చుట్టూ గట్టు మీద ఆరు తలారులున్నాయి. తాటిచెట్టంత యంత్రాలు. వాటికి కళ్ళున్నాయి, తుపాకులున్నాయి. యుద్ధంలో నిలబెట్టారు. నిలబెట్టినవాళ్ళు ఆ యుద్ధంలోనే పోయారు. వాటిని ఆపే రహస్యం వాళ్ళతోనే పోయింది. పనిముట్లు పట్టుకుని దగ్గరికి వెళితే కాలుస్తాయి. సంధి అయి ఏడేళ్ళయినా తలారికి ఆ కబురు అందలేదు. తనకి తెలియని ముఖాన్ని అది ఊళ్ళోకి రానివ్వదు. అందుకే కోడలు వచ్చినా బిడ్డ పుట్టినా, ఇంటివాళ్ళలో ఒకరు పట్టీ కట్టుకుని వాళ్ళని గట్టు మీద నడిపించుకెళ్ళి, "ఈమె మా కోడలు" అనో "వీడు మా మనవడు" అనో పైకి చెబుతారు. తలారి ఈల వేస్తుంది. మాకు చూపుడంటే పండగ, చలిమిడి పంచుతాం.

కొన్ని ముఖాలు మాత్రం దాని దగ్గర వేరుగా ఉన్నాయి. మా మనుషుల్ని చంపినవాళ్ళవి. అలాంటివాణ్ణి చూపడానికి చచ్చినవాడి రక్తసంబంధీకులే రావాలి. మూడుసార్లు చూపవచ్చు. మొదటి రెండుసార్లు తుపాకీ ఎత్తి ఇరవై లెక్కపెట్టి వెనక్కి పోనిస్తుంది. మూడోసారి వెనక్కి పోనివ్వదు. సంఘం ఆఫీసు గోడ మీది కాగితంలో అలా ఉంది. మిగతా సగం చెదలు తినేశాయి. ఆ నియమం పెట్టినవాళ్ళ ధైర్యం ఒక్కటే, అలా చూపే మనిషి భూమ్మీద ఉండడని.

సూరిబాబు చూపమంటున్నది మెట్ట మీది బీరన్నని. మాకు యుద్ధం ఆ మెట్టవాళ్ళతోనే. తొమ్మిదేళ్ళ కిందట నది మీది పెద్ద లాకు తలుపు మూసి మా తమ్ముడు తిమోతిని నీళ్ళలో ముంచినవాడు. అమ్మ పోయాక వాడికి అన్నం కలిపి పెట్టి పెంచింది నేను. వాడికి రక్తసంబంధం ఇక నేనొక్కదాన్నే.

పెద్ద లాకు యుద్ధంలో మెట్టవాళ్ళ చేతిలో ఉండేది, సంధిలో మాకొచ్చింది. దాని తలుపు రెండేళ్ళుగా బిగుసుకుపోయి ఉంది. పోయిన ఏడు వరద వెనక్కి తన్ని నాలుగు వీధులు మునిగాయి. తాయారు అత్తగారు మంచంతో సహా కొట్టుకుపోయింది. ఆ తలుపు మర తెలిసిన మనిషి ఇప్పుడు బీరన్న ఒక్కడే. తీగ మీద మాట్లాడి చెప్పించుకుని చూశారు, కుదరలేదు. అది చేత్తో పట్టుకుంటేనే తెలుస్తుందట.

"ఆలోచించుకోండి అక్కయ్యా. బలవంతం లేదు" అన్నాడు సూరిబాబు. కాస్త ఆగి, "ఆరుద్రలో నీళ్ళొచ్చేత్తాయి" అన్నాడు.

రోహిణి కార్తె, పదమూడో రోజు

ఒప్పుకున్నాను. మంచితనంతో కాదు. తాయారు ఇంటి గోడ మీద నిరుటి నీటి గీత చూశాను. ఆ గీత దాని మూడేళ్ళ మనవరాలి నెత్తికి జానెడు పైన ఉంది.

చూపుడికి ముందు, చూపేవాళ్ళ వంట చూపించుకునేవాళ్ళు తినాలి. అది ఆచారం. సరిహద్దు రాయి అవతల, తలారి చూపు అందని చోట, పాత పంపు షెడ్డులో బీరన్నని దింపారు. మధ్యాహ్నం పప్పుచారు, అన్నం క్యారియరులో పెట్టుకుని వెళ్ళాను. నల్లగా, పొడుగ్గా, ముందుకు వంగిపోయిన మనిషి. అరవై దాటి ఉంటాయి. ఎడమ చేతికి రెండు వేళ్ళు లేవు. నన్ను చూసి లేచి నిలబడ్డాడు.

క్యారియరు రాయి మీద పెట్టి వెనక్కి జరిగాను. రాత్రంతా కూడగట్టుకున్న మాట చెప్పాను. "మిమ్మల్ని క్షమించాను. ప్రభువు నన్ను క్షమించినట్టే."

అతను కిందికి చూశాడు. "నీకు జెప్పాల్సింది ఒకటి ఉందమ్మా" అన్నాడు.

"వద్దండి. నాకు వినాలని లేదు" అని వచ్చేశాను.

దారిలో తాయారు ఎదురైంది. యుద్ధంలో దాని మొగుడు పోయాడు. క్యారియరు వంక చూసి, "మెట్టోడికి పప్పుచారా వదినా? నెయ్యి కూడా వెయ్యలేకపోయావా, నంజుకోడానికి అప్పడం?" అంది. నిజానికి నెయ్యి వేశాను. ఎవరికైనా వేస్తాను కనుక వేశాను.

మృగశిర కార్తె, మొదటి రోజు

ఇవాళ మొదటి చూపుడు. చలిమిడి చేయలేదు. చేయమని ఎవరూ అనలేదు.

సరిహద్దు రాయి నుంచి తలారి దాకా అరవై అడుగులు. పట్టీ నా మణికట్టు మీద నాడి లెక్కపెడుతూ ఉంటుంది. సూరిబాబు నిన్ననే అన్నీ చెప్పాడు. గుండె నిమ్మళంగా ఉంచుకోవాలి. తుపాకీ లేస్తే మాత్రం చటుక్కున రెండడుగులు పక్కకి జరగాలి, నాకేమీ కాకూడదు. ఇలాంటి చూపుడు ఇంతకు ముందెప్పుడూ జరగలేదు, ఏమవుతుందో తెలియదు కదా అన్నాడు.

నలభయ్యో అడుగు దగ్గర ఆగాం. "ఈయన మా లాకు పనివాడు" అని చెప్పాను. ఆ మాట సూరిబాబు రాసిచ్చాడు.

తలారి తల తిప్పింది. తుపాకీ లేచింది. నేను రెండడుగులు పక్కకి జరిగాను. బీరన్న ఒక్కడే నడి గట్టు మీద నిలబడి ఉన్నాడు. లెక్క మొదలైంది. అతను పరుగెత్తలేదు. ముసలి మోకాళ్ళతో ఎంత వేగంగా నడవగలడో అంత వేగంగా వెనక్కి నడిచాడు. పద్దెనిమిది దగ్గర రాయి దాటాడు.

పట్టీ మీద నూట పన్నెండు ఉంది. "నాడి ఎక్కువైందండీ, అందుకే" అన్నాడు సూరిబాబు.

ప్రార్థన గదిలో గంటసేపు కూర్చున్నాను. పద్దెనిమిది లెక్క నా చెవుల్లో ఉంది. పదహారు దగ్గర నేను ఏం కోరుకున్నానో దేవుడికి తెలుసు. ఇక్కడ రాయను.

మృగశిర కార్తె, ఐదో రోజు

తిమోతిది అంటూ నా దగ్గర మిగిలింది ఒక గొంగడి. అది నిజానికి వాడిది కూడా కాదు. వాడి శవం సరిహద్దు రాయి దగ్గర ఒక పడవలో వచ్చింది. ఒళ్ళంతా తుడిచి, కళ్ళు మూసి, నల్ల గొంగడి చుట్టి ఉంది. మెట్ట మీద గొర్రెలు కాచుకునేవాడెవడో ఒడ్డున చూసి జాలిపడి ఉంటాడనుకున్నాను. ఆ కాపరి కోసం తొమ్మిదేళ్ళుగా రోజూ ప్రార్థిస్తున్నాను. నా తమ్ముణ్ణి కప్పినవాణ్ణి చల్లగా చూడు, వాడి పిల్లల్ని చల్లగా చూడు అని. నా ప్రార్థనల్లో తడబాటు లేకుండా వచ్చేది అదొక్కటే.

నాలుగు రోజులుగా ఆ ప్రార్థనే పట్టుకుని గుండె నిమ్మళం చేసుకోవడం నేర్చుకున్నాను. ఆ కాపరిని తలచుకుంటే నాడి దిగుతుంది.

ఇవాళ రెండో చూపుడు. నలభై అడుగులూ ఆ కాపరిని తలచుకుంటూనే నడిచాను. బీరన్న వైపు చూడలేదు. అదే మాట చెప్పాను. తుపాకీ లేచింది. నేను పక్కకి జరిగాను. అతను వెనక్కి వెళ్ళాడు. ఈసారి పంతొమ్మిది.

పట్టీ మీద ఎనభై నాలుగు. సూరిబాబు దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు. చెడిపోలేదు. "పైకి నిమ్మళమే గాని లోపల…" అని ఆగిపోయాడు. ఊరందరి ముందూ ఎవరో నా చీర కొంగు లాగినట్టయింది.

ఇక ఒక్కటే మిగిలింది. సంఘం కూర్చుంది. ఇంతటితో ఆపి అతన్ని పంపించేద్దామన్నారు. బీరన్నకి కబురు చేస్తే, మూడోసారీ నడుస్తానన్నాడట. లాకు తెరవకపోతే మెట్టకి నష్టమేం లేదు కదా, ఎందుకయ్యా అని సూరిబాబు అడిగాడట. "ఆ తలుపు మూసిన చెయ్యి నాదే గదా" అన్నాడట.

మృగశిర కార్తె, తొమ్మిదో రోజు

నది పెరుగుతోంది. ఉత్తరపు తొట్లలోకి మురుగు తన్నింది. పన్నెండు అద్దాలు విప్పి మెరక మీద పెట్టాం.

మధ్యాహ్నం అన్నం తీసుకెళ్ళాను. ఇన్నాళ్ళూ రాయి మీద పెట్టి తిరిగి వస్తున్నదాన్ని, ఇవాళ కూర్చున్నాను. అతను క్యారియరు విప్పలేదు.

"రేపో ఎల్లుండో ఆ గట్టు మీద మీకేదైనా అయితే, నాకు చెప్పాల్సింది మీతోనే పోతుంది. చెప్పండి, వింటాను" అన్నాను.

అతను చాలాసేపు లేని వేళ్ళ చోట రుద్దుకున్నాడు. తర్వాత చెప్పాడు. రెండు తలుపుల మధ్య గదిలోకి కింది నుంచి ఒక పడవ వచ్చింది. పడవలో లాంతరు ఉంది. పై తలుపు దగ్గరికి వస్తోంది. అతను కింది తలుపు మూసి, పై తూములు ఒక్కసారిగా ఎత్తి పడవని ముంచాడు.

"లోపల మనిషున్నాడని తెలుసా?" అన్నాను.

"లాంతరు జూసిన గదమ్మా. తెలిసే మూసిన." అతని గొంతు పెరగలేదు, తగ్గలేదు. "పై నుంచి హుకుం ఉండె. లాకు పక్క ఇండ్ల లైన్లల్ల నా పిల్లలుండిరి. గవి నీకు జెప్పేటియి కావు. తెలిసే మూసిన, అదే జెప్పాలె."

నేను విప్పని క్యారియరు వంక చూశాను.

"పొద్దుగాల నీళ్ళు దించినంక నేనే దిగిన. ఇంకెవరిని దిగనియ్యలె. తీసి, తుడిసి, పడవల పండవెట్టిన. కప్పనీకి ఏం లేకుండె. నా గొంగడే కప్పిన."

లేచి వచ్చేశాను. క్యారియరు అక్కడే వదిలేశాను.

మృగశిర కార్తె, పదో రోజు

ఇంత కోపం నాకు ఎప్పుడూ రాలేదు. తిమోతి శవం వచ్చిన రోజున కూడా రాలేదు. నా ప్రార్థన దొంగిలించాడు. తొమ్మిదేళ్ళు రోజూ నేను దీవించింది వీణ్ణా? వీడి పిల్లలనా? గొంగడి తీసి బయట పడేశాను. చినుకులు పడుతుంటే మళ్ళీ లోపల పెట్టాను. మళ్ళీ పడేశాను.

ఇవాళ అద్దాలు తుడవడానికి వెళ్ళలేదు. వంట చేయలేదు. మధ్యాహ్నం దాటాక తాయారు గుమ్మంలోకి వచ్చింది. చేతిలో ఖాళీ క్యారియరు.

"నేనిచ్చొచ్చాను" అంది. "ఆడి మీద ప్రేమతో కాదులే. నువ్విలా కూర్చుంటే అద్దాలన్నీ నేనే తుడవాలి."

"ఏమన్నాడు?"

"ఏమంటాడు? ఉప్పు తక్కువైందన్నాడు." తాయారు నవ్వబోయి మానేసింది. వానలో పడి ఉన్న గొంగడి చూసింది. ఎందుకని అడగలేదు. పిండి, చూరు కింద తాడు మీద ఆరేసి వెళ్ళిపోయింది.

ఆ ఆరేసిన గొంగడి చూస్తూ కూర్చుంటే, తొమ్మిదేళ్ళుగా నేను తలచుకోనిది గుర్తొచ్చింది. ఇది రాయడానికే బహుశా ఈ పేజీలు మొదలుపెట్టి ఉంటాను.

తిమోతి ఆ సాయంత్రం బయల్దేరేటప్పుడు అన్నం మూట కట్టిచ్చింది నేను. పడవలో దాని పక్కన ఇంకో మూట ఉంది. గోనెలో చుట్టి, తీగలు బయటికి కనబడుతున్న మూట. అదేమిటో తెలియనంత అమాయకురాల్ని కాను. అది పేలితే పై తలుపు పోతుంది, పక్కనున్న లైన్లు నిద్రలో ఉండగానే కొట్టుకుపోతాయి. చూశాను. అడగలేదు. "జాగ్రత్త నాన్నా" అన్నాను. వాడి పేరు ఊరి మధ్య రాయి మీద వీరుల వరసలో ఉంది. చేపలకి వెళ్ళినవాణ్ణి అన్యాయంగా ముంచారని ఊరంతా నమ్ముతుంది. నేనూ అలాగే చెబుతూ వచ్చాను.

మృగశిర కార్తె, పదకొండో రోజు

పొద్దున్నే అన్నం వండుకుని వెళ్ళాను. ఈసారి క్యారియరు రాయి మీద పెట్టలేదు. చేతికిచ్చాను. మూట సంగతి చెప్పాను. నేను చూశాననీ, ఆపలేదనీ చెప్పాను.

"ఎరికేనమ్మా" అన్నాడు బీరన్న. "ఆ మూట నేనే నీళ్ళల్ల జారవిడిసిన. మా వోళ్ళకు గూడ జెప్పలె."

సంధి కమిటీ ముందు అతన్ని నిలబెట్టి, ఏ నేరం చేయని పడవవాణ్ణి చంపావు కదా అని అడిగినప్పుడు, అవునని వేలిముద్ర వేశాడట. మూట సంగతి చెప్పి ఉంటే ఆ నేరం పోయేది. రెండేళ్ళ చెర తప్పేది. ఆ చెరలోనే వేళ్ళు పోయాయి.

"ఎందుకు చెప్పలేదు?" అన్నాను.

"మీ ఊర్లె ఆయన పేరు రాయి మీద చెక్కిండ్రని ఇన్న. ఆయనకో అక్క ఉన్నదని గూడ ఇన్న. సచ్చినోన్ని మల్లెందుకు సంపాలె?"

తర్వాత ఇద్దరం అన్నం తిన్నాం. ఒకే క్యారియరు, అతను మూతలో, నేను గిన్నెలో. ఉప్పు సరిపోయిందా అని అడిగాను. సరిపోయిందన్నాడు. సరిపోలేదు, నాకు తెలుసు.

నా కోపం పోయిందా అంటే పోలేదు. కోపం ఉంది, దాని పక్కనే ఈ మనిషి కూర్చుని అన్నం తింటున్నాడు. రెండూ ఉన్నాయి.

మృగశిర కార్తె, పన్నెండో రోజు

మూడో చూపుడు. ఊరంతా గట్టు కింద నిలబడింది. సూరిబాబు పట్టీ కడుతూ, "తుపాకీ లేత్తే పక్కకి జరగడం మర్చిపోకండి అక్కయ్యా. ఈసారి లెక్క ఉండదు" అని రెండుసార్లు చెప్పాడు.

బీరన్న ఉతికిన పంచె కట్టుకున్నాడు. నడుస్తూ, "పొద్దుగాల ఇంటికి తీగ మీద మాట్లాడిన. మనవరాలికి పన్ను వచ్చిందంట" అన్నాడు. ఎవరి పిల్లల్ని చల్లగా చూడమని అడుగుతూ వచ్చానో ఆ ఇంటి కబురు. ఎన్నో నెల అని అడిగాను. ఏడో నెల అన్నాడు.

నలభయ్యో అడుగు దగ్గర ఆగాం. నా గుండె గొంతులో కొట్టుకుంటోంది. నిమ్మళం చేసుకోవడానికి ప్రయత్నించలేదు, చేతకాలేదు. తలారి తల తిప్పింది. తుపాకీ లేచింది. నాకు నేనే చెప్పుకున్నాను, రెండడుగులు పక్కకి. కాళ్ళు కదిలాయి. పక్కకి కాదు. నేను అతని ముందుకి వచ్చి నిలబడ్డాను. వెనక్కి చెయ్యి చాపితే అతని చెయ్యి దొరికింది. మూడు వేళ్ళ చెయ్యి. గట్టిగా పట్టుకున్నాను.

సూరిబాబు రాసిచ్చిన మాట నోటికి రాలేదు. "ఈయన" అన్నాను. మళ్ళీ అన్నాను. "ఈయన మా తిమోతిని కప్పినవాడు."

తలారి అలాగే చూస్తోంది. గట్టు కింద ఎవరో పసిబిడ్డ నోరు మూశారు. ఎంతసేపో నేను చెప్పలేను.

ఈల వేసింది.

కోడళ్ళకీ మనవలకీ వేసే ఈలే. తుపాకీ దిగింది. తల అవతలికి తిప్పుకుని సముద్రం వైపు చూడడం మొదలుపెట్టింది, ఇక్కడ చూడాల్సిందేమీ లేనట్టు.

పట్టీ మీద నూట ముప్పై ఎనిమిది ఉంది. సూరిబాబు ఆ అంకె చూసి నావైపు చూసి, మళ్ళీ అంకె చూశాడు. ఇన్నాళ్ళూ మేమంతా పొరబడ్డాం. కోడళ్ళ ముందు తుపాకీ ఎప్పుడూ లేవలేదు కనుక, లేస్తే ఏం చేయాలో ఎవరికీ తెలియలేదు. నా నాడి కాదు అది చూస్తున్నది. తాను తుపాకీ ఎత్తినప్పుడు నేను ఎటు జరుగుతానో చూస్తోంది. రెండుసార్లూ నేనే పక్కకి జరిగి ఇతను మా మనిషి కాదని చెప్పాను. అది నమ్మింది.

ఆరుద్ర కార్తె, నాలుగో రోజు

బీరన్న ఆరు రోజులు లాకులో పనిచేశాడు. మరకి చెవి ఆనించి వింటాడు, చేత్తో తడుముతాడు, నూనె అడుగుతాడు. నిన్న మధ్యాహ్నం తలుపు లేచింది. అద్దాల పందిట్లోకి ఆ చప్పుడు వినబడింది. సాయంత్రానికి వీధుల్లో నీళ్ళు మోకాలి నుంచి మడమకి దిగాయి. ఇవాళ ఉత్తరపు అద్దాలు పన్నెండూ మళ్ళీ బిగించాం.

అతనికి ఊళ్ళో అందరూ మొహం చూపించడం లేదు. కొందరు దారి మార్చుకుంటున్నారు. తాయారు మాత్రం, అతను తన గుమ్మం ముందు నుంచి పోతుంటే చూసి, "ఉప్పు తక్కువైందన్నావుగా, ఇదిగో" అని మాగాయ ముద్ద ఆకులో పెట్టి ఇచ్చిందట.

వెళ్ళేముందు అతను సమాధి చూస్తానన్నాడు. తీసుకెళ్ళాను. వాన మొదలైంది. గొంగడి ఇచ్చేద్దామని తెచ్చాను. "అది ఆయనది" అని తీసుకోలేదు. అయితే వాన తగ్గేదాకా అయినా కప్పుకోమన్నాను. ఇద్దరం చెరో అంచూ పట్టుకుని తల మీద పెట్టుకుని నిలబడ్డాం. తొమ్మిదేళ్ళయినా తడిస్తే గొర్రె వాసన వస్తుంది.

వీరుల రాయి మీద తిమోతి పేరు గురించి అడిగాను. చెరిపించమంటారా అని. తల అడ్డంగా ఊపాడు. "పిల్లలు పెద్దగయినంక జెప్పుకోవచ్చు. వరద పొయ్యి వారం కాలె" అన్నాడు.

రోజూ చేసే ప్రార్థన ఇవాళ కూడా చేశాను. మాట మార్చలేదు. నా తమ్ముణ్ణి కప్పినవాణ్ణి చల్లగా చూడు. ఒక్కటి చేర్చాను. ఆ ఏడు నెలల పాపని కూడా.

ఈ నోటుబుక్కులో ముందు పేజీలు నీటి కొలతలు, అవి సంఘానికి ఇవ్వాల్సినవి. వెనక పేజీలు చించి, నా పెట్టెలో గొంగడి మడతలో పెడుతున్నాను. నా తర్వాత పెట్టె తెరిచేవాళ్ళకి ఒక్క మనవి. కాల్చకండి, పారేయకండి, ఉంచండి. అందులో మూట సంగతి ఉంది, అది ఎక్కడో ఒకచోట నిజంగా రాసి ఉండాలి. కాని ఎవరికీ చూపకండి. తనకి రెండు వేళ్ళు పోయినా బీరన్న ఆ మాట దాచాడు. ఆయన కాపాడినదాన్ని నేను బయటపెట్టలేను.